బుల్లిరాజు గారి కుడిచెయ్యి

బుల్లిరాజు గారు తాగుతారన్న సంగతి ఊరందరికీ తెలుసు. ఆయన జన్మలో చుక్క ముట్టలేదన్న సంగతి ఐదుగురికే తెలుసు. ఆ ఐదుగురిలో ఒకరు ఆయన. మిగతా నలుగురూ ఆయన భార్య బుజ్జమ్మ, కూతురు రామతులసి, అల్లుడు ఉదయభాస్కర్, వాళ్ల నర్సరీలో పనిచేసే పాపాయి. ఈ ఐదుగురూ కూడబలుక్కుని ఆడిన అబద్ధం కాదది. ఊరు తనంతట తాను కని, పెంచుకున్న అబద్ధం. వీళ్లు చేసిందల్లా కాదనకపోవడమే.

ఊరు కడియం పక్కన, ధవళేశ్వరం నుంచి దిగొచ్చే కాలవ గట్టు మీద ఉంటుంది. ఎటు చూసినా నర్సరీలే. అక్కడ మనుషులకి ఇంటిపేరుతో కన్నా మొక్క పేరుతోనే గుర్తింపు. గులాబీల వాళ్లు, క్రోటన్ల వాళ్లు, పామ్ చెట్ల వాళ్లు. బుల్లిరాజు గారిది మామిడి అంటుమొక్కల కుటుంబం. లేత మొలక తల కోసి, మధ్యకి చీల్చి, మంచి చెట్టు పుల్లని ఉలిలా చెక్కి ఆ చీలికలో దూర్చి, ప్లాస్టిక్ పట్టీతో బిగించి కట్టడం. చెప్పడానికి ఒక వాక్యం చాలు, చేతికి రావడానికి సగం జన్మ పడుతుంది. ఆయన కట్టిన కొత్తపల్లి కొబ్బరి మామిడి అంటు చచ్చిందన్న మాట వినలేదని అటు ఒడిశా దాకా పేరు. "ఆయన హస్తవాసి అలాంటిదండీ" అంటారు కొనేవాళ్లు. మొక్కలన్నీ లారీకెక్కించాక కూడా, ఆఖరి మొక్కని ఆయన కుడిచేత్తో ఒకసారి ముట్టించి మరీ పట్టుకెళ్లేవాళ్లున్నారు.

ఆ కుడిచెయ్యి వణకడం మొదలెట్టింది.

ముందు బొటనవేలూ చూపుడువేలూ కలిసి, కనపడని మాత్రనేదో నలుపుతున్నట్టు ఆడాయి. తర్వాత నడక చిన్నదైంది. గడపల దగ్గర కాళ్లు నేలకి అతుక్కుపోయేవి. పొలం గట్టు మీంచి కేకేస్తే కాలవ అవతల వినపడే గొంతు, పక్కనున్న బుజ్జమ్మకి కూడా వినపడడం మానేసింది. రాజమండ్రిలో నరాల డాక్టరమ్మ చూసి పార్కిన్సన్స్ అని పేరు చెప్పింది. ఇది ప్రాణం తీసే తొందర ఉన్న జబ్బు కాదనీ, వేళకి మాత్రలు వేసుకుని, ఒళ్లు కదుపుతూ ఉంటే చాలా ఏళ్లు నవ్వుతూ బతకొచ్చనీ చెప్పింది.

ఇంటికొచ్చి పడక్కుర్చీలో కూర్చున్నాక బుల్లిరాజు గారు ఒకటే మాట అన్నారు. "ఈ సంగతి గడప దాటకూడదు."

"ఏం, దొంగతనం చేశారా మీరు?" అంది బుజ్జమ్మ.

"దొంగతనం చేసినా ఓ ఏడాదికి మర్చిపోతారే. బుల్లిరాజు చెయ్యి పడిపోయిందంటే ఇంక ఈ గేటు తీసేవాడుండడు. జబ్బు చేతిలో హస్తవాసి ఉంటుందని ఎవడంటాడు? నువ్వంటావా?"

బుజ్జమ్మ లేచి వీధి తలుపు వేసింది. ఆవిడకి ఆ ఊరు తెలుసు.

ఆ వణుకుకి ఊరికి కారణం దొరికింది యానాంలో. అక్కడ కొత్తగా కట్టిన కల్యాణమండపానికి మొక్కలు దింపి, టీ తాగుదామని బుల్లిరాజు గారు రోడ్డు దాటుతుంటే కాళ్లు అతుక్కుపోయాయి. అతుక్కుపోయే కాళ్లు గుడి ముందో బడి ముందో అతుక్కుపోవచ్చుగా! సరిగ్గా బ్రాందీ కొట్టు ముందు అతుక్కుపోయాయి. ఆయన అలా ఊగుతూ నిలబడ్డ సమయానికి మన ఊరివాళ్లిద్దరు ఆ కొట్టులోంచి సంచీలతో బయటికొచ్చారు. వాళ్లు తిరిగి ఇల్లు చేరేలోపే వార్త ఊరు చేరింది. ఆ ఇద్దరూ ఆ కొట్టుకి ఏం పని మీద వెళ్లారని మాత్రం ఇప్పటిదాకా ఎవరూ అడగలేదు.

"తాగితే తాగాడు లెండి, చెయ్యి మాత్రం బంగారం" అన్నారు కొనేవాళ్లు. ఒకాయనైతే, ఓ గుక్క పడితేనే ఆ వేళ్లలో కళ నిలుస్తుందని ఇంకో మెట్టు పైకెక్కించాడు. మన దగ్గర మగవాడి తాగుడికి దొరికినంత క్షమ మగవాడి జబ్బుకి దొరకదు. బ్రాందీ కొట్టు ఎక్కడుందో పసివాడు కూడా చెప్తాడు, నరాల డాక్టరు ఎక్కడుంటారో పెద్దమనిషిక్కూడా తెలియదు. బుల్లిరాజు గారు ఈ లెక్క తొందరగానే గ్రహించారు. రోగి అనిపించుకోవడం కన్నా తాగుబోతు అనిపించుకోవడమే వ్యాపారానికి మంచిదని తేల్చుకున్నారు. నర్సరీ వెనకాల మొక్కలకి నీడ కోసం కట్టిన పచ్చవల చాటున, ఆయన పక్కన పాతికేళ్లు పుల్లలు అందించిన పాపాయి అంట్లు కడుతుంటే, ఆయన ముందు కుర్చీలో కూర్చుని కొనేవాళ్లతో కబుర్లు చెప్పేవారు. కుడిచెయ్యి కండువా కింద ఉండేది.

రామతులసికి కెమెరా కొత్త కాదు. డిగ్రీ మధ్యలో మానేసి రావులపాలెంలో ఒక స్టూడియోలో ఫొటోల మీద మచ్చలు తుడిచే పనికి చేరింది. పెళ్లికూతుర్ని ముస్తాబు చేసే గదిలోకి మగ కెమెరావాళ్లని రానివ్వరు కాబట్టి, ఒకరోజు ఓనరు ఆమె చేతికి కెమెరా ఇచ్చి లోపలికి తోశాడు. ఆ గదిలోంచి మండపం మీదకి రావడానికి మాత్రం ఆమెకి చాలా ఏళ్లు పట్టింది. అద్దం ముందు షాటు ఆడదానిది, తాళి కట్టే షాటు మగవాడిది అని ఎక్కడా రాసి లేదు, అయినా అందరికీ కంఠతా వచ్చు. పోట్లాడి, అలిగి, ఒకసారి మండపం మెట్ల మీద అడ్డంగా కూర్చుని, ఆ షాటు కూడా సాధించింది. ఇప్పుడు కడియం సెంటర్లో తులసి డిజిటల్స్ ఆమెదే. పెళ్లి అయినా, గృహప్రవేశం అయినా, స్వాముల పడిపూజ అయినా పెద్ద ఎల్ఈడీ తెర మీద లైవ్ ఇచ్చేది ఆమే. భర్త ఉదయభాస్కర్ ఆల్బమ్ డిజైన్లు చేస్తాడు. సీజన్లో వంట కూడా చేస్తాడు, పులుసులో ఉప్పు మర్చిపోతాడు.

తండ్రిని కెమెరాతో తీయడం డాక్టరమ్మ పుణ్యమే. "మాత్ర వేసుకోకముందు ఎలా నడుస్తున్నారు, వేసుకున్నాక ఎలా నడుస్తున్నారు, ఇంటి దగ్గర ఓ వీడియో తీసి చూపించండి" అంది. ఫోన్లో తీస్తే సరిపోయేదానికి తులసి తన పెద్ద కెమెరా తీసుకొచ్చింది. నేర్చిన విద్య ఊరుకోదు కదా.

"నాన్నా, గేటు దగ్గర్నించి మళ్లీ రండి. గడ్డం కొంచెం కిందకి. చిన్న స్మైల్."

"రోగిష్టోణ్ణి నవ్వమంటావేంటే?"

"వీడియో కదా నాన్నా!"

రాత్రికి ఎడిటింగ్‌లో కూర్చుంటే చేతులు వాటంతటవే పనిచేశాయి. నడక స్లో మోషన్‌లోకి వెళ్లింది. వెనక సన్నాయి చేరింది. మెట్టు దిగుతుంటే పైనుంచి గులాబీ రేకులు రాలాయి. పొద్దున్న కాఫీతో పాటు అది చూసి బుజ్జమ్మ గ్లాసు కింద పెట్టేసింది. "ఏంటే ఇది? మీ నాన్న రెండో పెళ్లికి బయల్దేరినట్టున్నారు!"

"పిల్ల ఎవరో కూడా చూపిస్తే బాగుండేది" అన్నారు బుల్లిరాజు గారు.

డాక్టరమ్మ కళ్లజోడు తీసి తుడుచుకుని మరీ నవ్వింది. "మందు పనిచేస్తోందా లేదా చూద్దామంటే గులాబీ రేకులు అడ్డొస్తున్నాయమ్మా. పైగా నువ్వే స్లో చేసేస్తే, ఆయన ఎంత మెల్లగా నడుస్తున్నారో నాకెలా తెలుస్తుంది?"

అప్పట్నించి తులసి రేకులు మానేసింది. సన్నాయి మానేసింది. నవ్వమనడం మానేసింది. కెమెరాని కిటికీలో పెట్టి తన పని తను చేసుకునేది. ఇన్నేళ్లూ జనాన్ని నిలబెట్టి, తిప్పి, నవ్వించి తీసిన మనిషికి, ఊరికే వదిలేసి తీస్తే ఏం కనపడుతుందో అప్పుడే తెలిసింది. చొక్కా బొత్తాలతో నాన్న కుస్తీ పట్టడం, పక్కనుంచి అమ్మ చెయ్యి వచ్చి ఒక్క బొత్తాం పెట్టి, మిగతావి ఆయనకే వదిలేసి వెళ్లిపోవడం. మాత్ర వేళకి అలారం మోగితే, అది మోగలేదని నాన్న, మోగిందని అమ్మ వాదించుకోవడం. డాక్టరమ్మకి చూపించాల్సింది అయిపోయినా తులసి కెమెరా మాత్రం ఇంట్లోంచి వెళ్లలేదు.

"ఇదంతా దేనికే?" అని అడిగారు ఆయన.

"సినిమా నాన్నా. మనింటి సినిమా."

"ఎవరికి చూపిస్తావు?"

"మీరు చూపించమన్నప్పుడు, చూపించమన్నవాళ్లకి."

ఆయన ఒక షరతు పెట్టారు. "నన్నంతా తీసుకో. నా కుడిచెయ్యి మాత్రం తియ్యకు."

తులసి ఒప్పుకుంది. ఒప్పుకున్నాకే అర్థమైంది అదెంత కష్టమో. అన్నం తింటుంటే మొహం దాకానే. పేపరు చదువుతుంటే వెనకనుంచి. కుర్చీలో ఉంటే ఎడమ పక్కనుంచి. ఫ్రేములోకి చెయ్యి రాబోతుంటే ఆమె మణికట్టు దానంతటదే కెమెరాని పైకెత్తేసేది. ఏడాది తిరిగేసరికి కంప్యూటర్ నిండా నాన్నే, కానీ ఏ ముక్కలోనూ పూర్తి నాన్న లేడు. "హీరో లేని సినిమా తీస్తున్నావు" అన్నాడు ఉదయభాస్కర్. ఆమెకి కోపం వచ్చింది, ఎందుకంటే అది నిజం.

అలాగని ఆ ఇంట్లో ఏడుపేం లేదు. గడపల దగ్గర కాళ్లు ఆగిపోతుంటే, నేల మీద అడ్డగీతలుంటే వాటిని దాటుకుంటూ నడవగలరని డాక్టరమ్మ చెప్పింది. మర్నాటి నుంచి బుజ్జమ్మ మంచం దగ్గర్నించి పెరటి దాకా ముగ్గుపిండితో గీతలు లాగడం మొదలెట్టింది. "ఏంటండీ బుజ్జమ్మ గారూ, మీ ముగ్గు రైలు పట్టాల్లా ఉందేంటి?" అని పక్కింటామె అడిగితే, "ఆయ్, మా ఇంట్లో గూడ్సు బండి ఉందండి, పట్టాల్లేకపోతే కదలదు" అంది. తాళం వింటే అడుగు పడుతుందని కూడా డాక్టరమ్మ చెప్పిందేమో, బుజ్జమ్మ గరిటతో పళ్లెం మీద దరువేసేది. ఆ దరువుకి ఆయన వాకిట్లో దసరా పులివేషంలా నడిచేవారు. తులసి అది ఒక్క షాటులో తీసింది, నడుం పైనుంచి.

ఇలా ఉండగా కార్తీకమాసం వచ్చింది, గణేష్‌బాబు వచ్చాడు.

గణేష్‌బాబుకి ఎరువుల కొట్టుంది. ఊళ్లో అయ్యప్ప మాల వేసుకునేవాళ్లందరికీ గురుస్వామి. మనసు వెన్న, నోరు మైకు. మొగుడు తాగొచ్చి కొడుతున్నాడని ఏ ఇల్లాలు వచ్చి చెప్పినా, అతని దగ్గర ఒకటే మందుంది. ఆ మొగుణ్ణి పట్టుకెళ్లి మాల వేయించడం. మండల దీక్ష అయ్యేదాకా సీసా ముట్టరు, కొందరు ఆ తర్వాత కూడా ముట్టరు. ఆడవాళ్ల బాధకి పోలీసు స్టేషన్లో దొరకని పరిష్కారం అయ్యప్ప గుళ్లో దొరుకుతున్నందుకు సంతోషించాలో సిగ్గుపడాలో తెలియదు గాని, గణేష్‌బాబు వల్ల కొన్ని ఇళ్లల్లో కొన్నాళ్లయినా గిన్నెలు గోడకి తగలకుండా ఉన్నాయన్నది నిజం.

అతను పెద్దల్ని వెంటేసుకుని వచ్చి బుల్లిరాజు గారి ఎదురుగా కూర్చున్నాడు. "బాబాయ్, కాదనకూడదు. ఈసారి మాల వేసుకుంటున్నారు మీరు."

ఇంట్లోవాళ్లు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. నేను తాగను అంటే, మరి వణుకేంటి అంటారు. వణుకు జబ్బు అంటే హస్తవాసి పోతుంది. వద్దంటే, తాగుడు మానలేక వద్దంటున్నాడంటారు. ఏ గుమ్మంలోంచి బయటపడదామన్నా కాలు అతుక్కుపోయే పరిస్థితి.

"స్వామి శరణం" అన్నారు బుల్లిరాజు గారు, మెల్లగా.

దాంతో ఆ ఇంటి వరసలన్నీ మారిపోయాయి. దీక్షలో ఉన్న మగవాణ్ణి స్వామీ అనాలి, ఆయన ఆడవాళ్లని మాతా అనాలి. పెళ్లైన దగ్గర్నించీ "ఏమేవ్" తప్ప మరో పిలుపు ఎరగని మనిషి, "మాతా, కాస్త మంచినీళ్లు" అనేసరికి బుజ్జమ్మ నీళ్లు తేకుండా తలుపు పట్టుకుని నవ్వింది. "ఇన్నాళ్లకి గౌరవం దొరికింది. దీక్ష ఇంకో ఏడాది పొడిగించమని చెప్పవే గురుస్వామికి!" అంది తులసితో. తెల్లారుజామున చన్నీళ్ల స్నానంలో మాత్రం ఆవిడ చాటుగా ఓ చెంబు వేణ్ణీళ్లు కలిపేది. అయ్యప్ప చూసినా ఏమీ అనుకోడని ఆవిడ నమ్మకం.

భజనలో వింత జరిగింది. డప్పూ తాళాలూ మొదలయ్యేసరికి బుల్లిరాజు గారి కాళ్లకి దారి దొరికింది. కుర్రస్వాములతో సమానంగా అడుగేస్తూ ఊరేగింపులో నడిచారు. "చూశారా, మానేశాడు! స్వామి మహిమ!" అని ఊరు చేతులెత్తి మొక్కింది. పక్కవారంలో ఒక మధ్యాహ్నం, మాత్ర బలం తగ్గిపోయే వేళకి, ఆయన మంచినీళ్ల ట్యాంకు దగ్గర అదే ఊరి కంట పడ్డారు. డప్పు లేదు. కాళ్లు ఆగిపోయాయి. ఒళ్లు ముందుకి తూలింది. నల్లపంచె అంచు పట్టుకున్న చెయ్యి గడగడలాడింది.

సాయంత్రానికి ఊరంతా ఒకటే మాట. మాలలో ఉండి తాగాడు!

ఇప్పుడు లెక్క తిరగబడింది. తాగుబోతుకి క్షమ ఉంది గాని, మాలలో తాగినవాడికి లేదు. "దేవుడికి ద్రోహం చేసిన చెయ్యండి, ఆ చేతి మొక్క ఇంట్లో పెట్టుకుంటామా?" అని ముందుగానే బేరం అయిపోయిన ఒక తోటాయన ఫోన్ చేసి మరీ వద్దన్నాడు. ఏ చెయ్యిని కాపాడుకోవడానికి ఆయన ఇన్నాళ్లూ తాగుబోతుగా బతికారో, ఆ తాగుబోతుతనమే ఇప్పుడు ఆ చెయ్యిని మింగేస్తోంది.

మర్నాడు పొద్దున్నే గణేష్‌బాబు వచ్చాడు. అతని నోట్లో మైకు లేదు. "బాబాయ్, ఇవాళ సాయంత్రం మా ఇంటి దగ్గర పడిపూజ. మీరు రాకండి. నేనే వచ్చి ఇక్కడే మాల తీసేస్తాను, ఎవరికీ తెలియకుండా."

"ఎవరికీ తెలియకుండా ఎందుకు, అందరి ముందూ తియ్యి" అన్నారు బుల్లిరాజు గారు. "వస్తాను."

అతను వెళ్లాక తులసి తండ్రి పక్కన కూర్చుంది. "చెప్పేద్దాం నాన్నా."

"ఏమని? పాతికేళ్ల పేరుని నా నోటితో నేనే కోసుకోమంటావా?"

పచ్చవల అవతల నుంచి పాపాయి గొంతు వచ్చింది. "కొయ్యకుండా అంటు ఎక్కడ కడతారండీ?" తర్వాత నాలిక్కరుచుకుని, "నేనేమీ అనలేదండి" అంది.

బుల్లిరాజు గారు కుర్చీ పచ్చవల వైపు తిప్పుకున్నారు.

సాయంత్రం గణేష్‌బాబు ఇంటి ముందు పందిరి నిండా జనం. అరటిదవ్వలతో కట్టిన మెట్ల మీద దీపాలు వరసగా వెలుగుతున్నాయి. పందిరి పక్కన తులసి పెట్టించిన ఎల్ఈడీ తెర. వెనకున్నవాళ్లకి కూడా పూజ కనపడాలని ఆమె కెమెరాతో ముందు నిలబడింది. పని ఒప్పుకుని నెలైంది, రానంటే కుదరదు.

డప్పుల దరువుకి బుల్లిరాజు గారు వీధి చివరి నుంచి పందిరి దాకా తడబడకుండా నడిచొచ్చారు. పాట అయిపోయింది. డప్పులు ఆగాయి. ఆయన కాళ్లూ ఆగాయి, సరిగ్గా పందిరి మధ్యలో. జనం రెండుగా చీలి చుట్టూ ఖాళీ చేశారు.

గణేష్‌బాబు ముందుకొచ్చి దండం పెట్టాడు. "స్వామీ, తప్పుగా అనుకోకండి. ఇంతమంది అడుగుతున్నారు కాబట్టి అడుగుతున్నాను. మాలలో ఉండి మీరు తాగారా?"

తులసి కెమెరా తండ్రి మీదే ఉంది. తెర మీద ఆయన మొహం పందిరంత కనిపిస్తోంది. గడ్డం, విభూతి, మెడలో మాల. అంతవరకే. ఏడాదిగా అలవాటైన మణికట్టు ఫ్రేముని అక్కడే ఆపేసింది.

బుల్లిరాజు గారు తలెత్తి తెర వంక చూసుకున్నారు. కాసేపు పెళ్లికొడుకు అద్దంలో చూసుకున్నట్టే చూసుకున్నారు. తర్వాత, "అమ్మడూ" అన్నారు. "కెమెరా కిందకి దించు."

తులసికి వినపడింది. చెయ్యి కదల్లేదు.

"దించమ్మా. నా చెయ్యి కనపడట్లేదు."

ఆమె దించింది. నల్లటి కండువా పక్కకి జారింది. తెర నిండా బుల్లిరాజు గారి కుడిచెయ్యి వచ్చింది. కాయలు కాసిన బొటనవేలు, దాని మీద పాత బ్లేడు గాట్లు, ఆగకుండా నలుపుతున్న ఆ రెండు వేళ్లు. ఒడిశా దాకా పేరున్న ఆ చెయ్యిని అంత దగ్గరగా ఊరు ఎప్పుడూ చూడలేదు. కన్నకూతురు కూడా చూడలేదు.

గణేష్‌బాబు మైకు తెచ్చి ఆయన నోటి దగ్గర పెట్టాడు.

"ఇది తాగుడు కాదు. పార్కిన్సన్స్ అనే జబ్బు" అన్నారు. సన్నగా ఉన్న గొంతు మైకులో పెద్దదైంది. "యానాం సరుకైతే తాగినప్పుడే ఊపుతుందండి. ఇది తాగకపోయినా ఊపుతుంది. మాత్ర దిగిపోతే టైము తప్పకుండా వచ్చేస్తుంది, మన బస్సుల్లా కాదు."

వెనకెక్కడో ఒక నవ్వు పేలి మళ్లీ సర్దుకుంది.

"ముందే చెప్పొచ్చు కదా బాబాయ్!" అన్నాడు గణేష్‌బాబు, కళ్లనీళ్లతో.

"నువ్వు అడిగావేంటి? తాగుతున్నావా అని కూడా అడగలేదు. మాల పట్టుకొచ్చావు." ఆయన జనం వైపు తిరిగారు. "నేనూ తక్కువవాణ్ణేం కాదు. తాగుబోతునంటే చెల్లుతోంది కదా అని ఊరుకున్నాను. ఇంకోటి కూడా వినండి. రెండేళ్లుగా మీరు నా చేతి మొక్కలని పట్టుకెళ్లినవి నేను కట్టలేదు. మా పాపాయి కట్టింది."

ఈసారి పందిరంతా కదిలింది. ఆ జనంలో తోటలవాళ్లున్నారు. ఒకాయన లేచి నిలబడ్డాడు. "అదేంటండీ! మా తోటలో వేసినవన్నీ బతికాయే! ఒక్కటీ చావలేదు!"

"నేనూ అదే చెప్తున్నానండి" అన్నారు బుల్లిరాజు గారు.

తులసి కెమెరా దానంతటదే ఆడవాళ్ల వైపు తిరిగింది. పందిరి గుంజ పక్కన నిలబడ్డ పాపాయి తెర మీద ప్రత్యక్షమై, తనని తాను చూసుకుని కొంగు మొహానికి అడ్డం పెట్టుకుంది. "నన్నెందుకండీ తియ్యడం! చీర కూడా మార్చుకోలేదు!"

గణేష్‌బాబు వంగి బుల్లిరాజు గారి పాదాలకి మొక్కాడు. మాల తియ్యలేదు. డప్పు వాళ్ల వైపు తిరిగి మాత్రం గట్టిగా అరిచాడు. "ఏంటి చూస్తున్నారు? స్వామి కాళ్లు ఆగిపోయాయి. వాయించండి!"

పూజయ్యాక ప్రసాదం పంచుతుంటే ఒక ముసలావిడ తులసి చెయ్యి పట్టుకుని పక్కకి లాగింది. కొంగు కిందనుంచి తన చెయ్యి తీసి చూపించింది. అదే కనపడని మాత్ర, అదే నలుపుడు. "నాకూ ఇంతేనమ్మా. గాలి సోకిందని తాయెత్తు కట్టారు." జబ్బు ఒకటే. మగవాడికొస్తే బ్రాందీ అన్నారు, ఆడదానికొస్తే దయ్యం అన్నారు. ఆ వారంలోనే తులసి తన కార్లో ఆవిణ్ణి, ఇంకో ఇద్దర్ని రాజమండ్రి డాక్టరమ్మ దగ్గరికి తీసుకెళ్లింది. కారు నిండా వణుకే, దారి నిండా కబుర్లే. యానాం నుంచి సంచీలతో వచ్చిన ఆ ఇద్దరిలో ఒకడి తల్లి కూడా ఆ కార్లో ఉంది.

వ్యాపారం పడిపోతుందని బుల్లిరాజు గారు భయపడినంత పడిపోలేదు. అసలు పడిపోలేదనీ కాదు. పాత బేరాలు కొన్ని పోయాయి. జబ్బు గాలి మొక్కకి సోకుతుందేమోనన్న చదువుకున్నవాళ్లూ ఉన్నారు. వద్దని ఫోన్ చేసిన తోటాయన మాత్రం స్వయంగా వచ్చి, మొక్కలన్నీ లారీకెక్కించాక, అలవాటు కొద్దీ ఆఖరి మొక్క తెచ్చి బుల్లిరాజు గారి ముందు పెట్టాడు.

"ఇక్కడ కాదండి" అని ఆయన పచ్చవల వైపు చూపించారు. "హస్తవాసి అటు ఉంది."

పాపాయి మొక్కని ముట్టించి ఇచ్చింది. లారీ వెళ్లాక చేతులు కడుక్కుంటూ అంది. "పేరు ఇచ్చారు, బాగానే ఉందండి. మరి కూలి సంగతేంటండీ?"

బుల్లిరాజు గారు నవ్వారు. బుజ్జమ్మ నవ్వింది. పాపాయి నవ్వలేదు, నిలబడే ఉంది. అప్పుడు వాళ్లిద్దరూ నవ్వడం ఆపి ఆ సంగతి కూర్చుని మాట్లాడారు. ఆ మాటలు కూడా తులసి తీసింది. తన సినిమాలో అన్నిటికన్నా మంచి సీను అదేనంటుంది.

దీక్ష ముగిశాక ఒక మధ్యాహ్నం ఆమె సినిమా మొత్తం అతికించి తండ్రికి చూపించింది. బొత్తాలు, రైలు పట్టాల ముగ్గు, గరిట దరువు, మొదటిసారి తెర నిండిన చెయ్యి. ఆయన కదలకుండా చూశారు. కుడిచెయ్యి ఒళ్లో పైకే ఉంది, కండువా కుర్చీ వెనకాల వేలాడుతోంది.

"ఎలా ఉంది నాన్నా?"

"బాగానే ఉంది గాని, ఏదో తగ్గింది."

"ఏంటి?"

"నువ్వు మొదట్లో వేశావు చూడు, ఆ గులాబీ రేకులు."

"అవి పెళ్లి వీడియోకి నాన్నా!" అంది తులసి.

"ఇన్నాళ్లు మూల దాక్కుని ఇప్పుడు బయటికొచ్చింది. దానికో ఊరేగింపు ఉండొద్దా?" అని ఆయన చెయ్యి పైకెత్తారు. అది గాల్లో తన మానాన తను ఆడుతోంది. "ఆఖర్న వెయ్యి. సరిగ్గా దీని మీద పడేలా వెయ్యి."

తులసి కంప్యూటర్ ముందు కూర్చుంది. వంటింట్లోంచి బుజ్జమ్మ కేక వినిపించింది. "సన్నాయి కూడా పెట్టవే, పిల్లని నేనే!"